రోజు పేరు చివర్లో రాస్తాను

అన్నయ్యకి,

ఇక్కడ నేను బాగున్నాను, ఇల్లు బాగుంది, కొట్టు నడుస్తోంది, వీధిలో మిగిలినవాళ్ళందరూ బాగున్నారు. నువ్వు కూడా బాగున్నావనే ధైర్యంతో మొదలుపెడుతున్నాను. పైన రోజు పేరు రాయలేదేమిటని అప్పుడే కనుబొమలు ముడెయ్యకు. మర్చిపోలేదు. చివర్లో రాస్తాను. ముందే రాస్తే నువ్వు అక్కడే ఆగిపోయి, తక్కినది చదవకుండానే కాగితం మడిచి జేబులో పెట్టేస్తావు. నీ సంగతి నాకు తెలీదా?

నీ ఉత్తరం పడవవాడు తెచ్చిచ్చాడు. మొదటిసారి రేవులోనే నిలబడి చదివాను. తర్వాత ఇంటికొచ్చి కొట్టుకీ వంటింటికీ మధ్య తిరుగుతూ చదివాను. నాకు కాలు ఒకచోట నిలవదని నీకు తెలుసు కదా. కాళ్ళకి చక్రాలు కట్టుకుని పుట్టిందని అమ్మ నన్ను ఊరికే అనేది కాదు. అలాంటిదాన్ని ఇవాళ పొద్దున్నుంచి ఒక్కచోటే కూర్చున్నానంటే నువ్వు నమ్మవు. కూర్చునే ఉన్నాను. మోకాళ్ళ మీద చెక్క పెట్టుకుని రాస్తున్నాను, అందుకే అక్షరాలు ఇలా గంతులేస్తున్నాయి. ఎడమకాలు తిమ్మిరెక్కి చాలాసేపయింది.

ముందు నువ్వడిగినవాటికి జవాబులు. కొలిమి మీద కప్పు ఇంకా కారుతోందా అన్నావు. అక్కడ కారడం ఆగిపోయింది. ఇప్పుడు సరిగ్గా నీ మంచం ఉండే మూల కారుతోంది. నువ్వు లేవు కాబట్టి నేనేం కంగారు పడలేదు, కింద గిన్నె పెట్టాను. నా చేతి మీద కాలిన చోటు మానింది, మచ్చ మాత్రం ఉంది. నీ పిల్లి నీకోసం బెంగపడి చిక్కిపోయిందని రాస్తే నీకు సంతోషంగా ఉంటుందేమో గానీ, అది రొట్టెల కొట్టులో మకాం పెట్టి కుండలా తయారైంది. నన్ను చూస్తే ఎవరో తెలియనట్టు మొహం తిప్పుకుంటోంది.

పడవవాడు ఇంకా వాళ్ళ తమ్ముణ్ణి ‘అన్నయ్యా’ అని పిలుస్తున్నాడా అని అడిగావు. పిలుస్తున్నాడు, పళ్ళు నూరుకుంటూ. వాడు మీ నగరంలో ఉండి తిరిగొచ్చేసరికి ఇక్కడ తమ్ముడు వయసులో వాణ్ణి దాటిపోవడం, ఇంటిపెద్ద ఎవరని ఇద్దరూ జుట్టూజుట్టూ పట్టుకోవడం, పీటపెద్దగారు వేళ్ళ కణుపులు లెక్కపెట్టి, ‘ఏ ఊళ్ళో పడుకుంటే ఆ ఊరి లెక్క’ అని తీర్పు చెప్పడం... ఇదంతా తలుచుకుని నువ్వక్కడ ఒక్కడివే నవ్వుకుంటావని రాశావు. ఆ తమ్ముడు ఇప్పుడు మరీ పేట్రేగిపోయాడు. మొన్న రేవులో అందరి ముందూ, “ఒరేయ్ తమ్ముడూ, ఆ తాడందుకో” అన్నాడు. పడవవాడు తాడు అందించాడు గానీ, ఆ చూపు చూస్తే తాడు దేనికి వాడాలనుకున్నాడో అర్థమైంది.

మీ కార్ఖానా మేస్త్రీ సంగతి. ఆయనది సముద్రం అవతలి దేశమనీ, వాళ్ళకి రోజులంటే ఉత్త అంకెలేననీ, మన లెక్క చెప్పబోతే నీకు నోరు తిరక్క నవ్వులపాలయ్యావనీ రాశావు. చెప్పడం రాక కాదు, నీకు ఓపిక లేక. ఇలా చెప్పు. మా ఊళ్ళో రోజుకి అంకె ఉండదు, ఇల్లు ఉంటుంది. ఒక చెక్కపీట ఉంటుంది. పొద్దున్నే అది ఎవరి గుమ్మంలోకి వస్తే ఆ రోజు వాళ్ళది. ఆ ఇంటిపెద్ద దాని మీద కూర్చుని, ఇవాళ ఫలానా ఇంటి రోజని వీధంతా వినబడేలా చెప్పాలి. పొద్దుగూకేదాకా లేవకూడదు. మర్నాడు పీటపెద్దగారు దాన్ని పక్కింటికి పంపిస్తారు. వీధి పూర్తయితే నెల. ఊరంతా తిరిగొస్తే ఒక చుట్టు. మనిషి పుట్టిన ఇంటి రోజు మళ్ళీ వచ్చిందంటే వాడికి ఒక చుట్టు వయసు పెరిగినట్టు. నగరంలోనూ ఇదే లెక్క, కాకపోతే ఇళ్ళు ఎక్కువ కాబట్టి చుట్టు పొడుగు, పీటని బండి మీద తిప్పుతారు. ఇంతే కదా, ఇందులో నవ్వడానికేముంది? ఆయన పుట్టినరోజుని ఎవరి గుమ్మం గుర్తుపెట్టుకుంటుందో అడుగు.

ఇల్లు ఖాళీ అయితే ఏమవుతుందని ఆయన అడిగితే మాత్రం నువ్వేం చెప్పావో రాయలేదు. తాళం పడిన ఇంటిని పీట దాటిపోతుంది, ఆ రోజు ఇక మళ్ళీ రాదు అని చెప్పావా? ఆ రోజున పుట్టినవాళ్ళ వయసు అక్కడితో ఆగిపోతుందని చెప్పావా? మన వీధిలో చిట్టి ఉందని చెప్పావా?

చిట్టి బాగానే ఉంది. జుట్టు మొత్తం తెల్లబడింది. కళ్ళజోడు మార్చింది, కుట్టుపని మానలేదు. వయసు తొమ్మిదే. రొట్టెల కొట్టువాళ్ళ పెద్దాడికి మొన్న పది నిండాయి. ఆ మర్నాడే వాడు చిట్టి వాకిట్లోకి వెళ్ళి, “ఏయ్ చిట్టీ, ఇకనుంచీ నన్ను అన్నయ్యా అనాలి” అన్నాడు. “అలాగే అన్నయ్యా, ముందు ముక్కు తుడుచుకో” అంది చిట్టి. వీధంతా నవ్వింది, నేనూ నవ్వాను. తర్వాత కొట్టులోకొచ్చి తాళంచెవి అరగదీస్తుంటే అకస్మాత్తుగా నవ్వు రావడం మానేసింది. ఆవిడ చేతిపనికి ఊళ్ళో సాటి లేదు. అయినా ఈనాటికీ కుట్టుమిషను ఆవిడ పేరున లేదు, తమ్ముడి పేరున ఉంది. ఆ తమ్ముడు ఇప్పుడు తాతయ్య అయ్యాడు. ఆవిడ వాణ్ణి అన్నయ్యా అంటుంది, వాడు పండగకి ఇచ్చినట్టు ఆవిడకి అప్పుడప్పుడూ ఒక రిబ్బను కొనిస్తాడు.

ఇప్పుడు నువ్వు రాసిన అసలు విషయానికొస్తాను. ఇంతసేపూ చుట్టూ తిరుగుతున్నానని నువ్వు గ్రహించే ఉంటావు.

ఇల్లు మూసేసి వచ్చెయ్యమన్నావు. నాకోసం కిటికీ ఉన్న గది చూశానన్నావు. కార్ఖానాలో నీ బల్ల పక్కనే ఇంకో బల్ల ఖాళీగా ఉందనీ, ఆడవాళ్ళు తాళాలు చేస్తారా అని మేస్త్రీ నవ్వితే నేను చేసిన తాళం ఆయన ముందు పెట్టావనీ, ఆయన సగం పూట కుస్తీ పట్టి తీయలేకపోయాడనీ రాశావు. ఆ వాక్యం చదివినప్పుడు నాకెంత గర్వంగా అనిపించిందో చెప్పలేను. ‘అక్కడే ఉంటే ఊరికే ముసలిదానివైపోతావు. ఇక్కడ ఒక చుట్టు తిరిగేలోపు అక్కడ మూడు తిరుగుతున్నాయి’ అని కూడా రాశావు. జుట్టు నెరవడానికి పీటతో పనిలేదు అన్నయ్యా. అయినా నీ భయం నాకర్థమైంది. నామీద ప్రేమతోనే రాశావు.

కానీ అదే పడవలో పీటపెద్దగారికి ఇంకో ఉత్తరం రాశావు. ఆ సంగతి నాకు రాయలేదు. కోపం వచ్చింది. నీకు తెలియాలని చెప్తున్నాను, బాగా వచ్చింది.

ఆయన మధ్యాహ్నం పూట కొట్టుకొచ్చారు. చెప్పులు కిర్రుకిర్రుమంటూ లోపలికొచ్చి, బల్ల మీద ఉన్న తాళాలన్నీ ఒక్కొక్కటే ఎత్తి చూసి కింద పెట్టారు.

“ఒక తాళం కావాలమ్మాయ్,” అన్నారు.

“ఎవరింటికండీ?”

“గట్టిది చెయ్యి. ఐదు లివర్లది.”

“చేస్తాను. తలుపు ఎలాంటిదో చెప్పాలి కదండీ, గొళ్ళెం కొలత చూసుకోవాలి.”

ఆయన గోడకేసి చూస్తూ, “నీకు తెలిసిన తలుపేలే,” అన్నారు.

మూతపడ్డ ఇళ్ళకి తాళం వేయించేది పీటపెద్దగారి పీటిల్లు. ఆ తాళాలు చేసేది మనం. మన వీధిలో వేలాడుతున్న తాళాలన్నీ నా చేతివే. పోయిన చుట్టులో అద్దాలవాళ్ళు వెళ్ళిపోయారు, అంతకు ముందు నూనెకొట్టువాళ్ళు. ఒక్కో ఇల్లు మూతపడ్డప్పుడల్లా నాకు పని దొరికింది, నేను చేసిచ్చాను, అన్నం తిన్నాను. అప్పుడేమీ అనిపించలేదు. సొంత గుమ్మానికి కొలత తీసుకోవలసి వచ్చినప్పుడు టేపు రెండుసార్లు చుట్టి పెట్టేసి, మళ్ళీ తీశాను. నాన్న గీసిన గీతలు, నీ ఎత్తు ఒకటి, నా ఎత్తు ఒకటి, గుమ్మం చెక్క మీద ఇంకా ఉన్నాయి.

తాళం చేశాను. మంచి తాళం. మనసు పెట్టి చేశాను, ఎందుకంటే నాకు రావాలని ఉంది అన్నయ్యా. ఇది నువ్వు నమ్మాలి. ఇల్లు పట్టుకుని వేలాడే రకాన్ని కాను నేను. ఈ వీధిలో నా సుత్తి చప్పుడు నాకే తిరిగి వినబడుతోంది. పనయ్యాక ఎదురుగా కూర్చుని మాట్లాడ్డానికి మనిషి లేడు. సాయంత్రం పడవ వచ్చే వేళకి ఏదో పని కల్పించుకుని రేవుకి వెళ్తాను. ఒకరోజు ఎక్కి కూర్చున్నాను కూడా. “ఎక్కడికమ్మా?” అన్నాడు పడవవాడు. “ఎక్కడికీ కాదు, బల్ల గట్టిగా ఉందో లేదో చూస్తున్నా,” అన్నాను. వాడు నన్ను ఎగాదిగా చూసి, “గట్టిగానే ఉంటుంది, రేపు కూడా రా,” అన్నాడు. మర్నాడు కూడా వెళ్ళాను.

నీ ఉత్తరం వచ్చాక నాన్న రేకుపెట్టె దించి బట్టలు సర్దాను. తీశాను. మళ్ళీ సర్దాను. ఒక తాళంచెవి అరగదీయబోయి పళ్ళన్నీ అరగదీసేశాను. రొట్టెల కొట్టుకని బయల్దేరి చెరుకు బండి దాకా వెళ్ళిపోయి, ఎందుకొచ్చానో గుర్తురాక వెనక్కి వచ్చాను. నిద్ర సరిగ్గా లేదు.

ఆ రోజుల్లోనే రొట్టెల కొట్టావిడ వచ్చింది. వాళ్ళ చిన్నది బుడ్డి నీకు తెలియదు, నువ్వు వెళ్ళాక పుట్టింది. పుట్టడం మన ఇంట్లోనే పుట్టింది. ఆ రోజు మన ఇంటి రోజు, నీ బదులు నేను పీట మీద కూర్చున్నాను. ఆవిడ ఏదో చెప్పడానికని నిండు కడుపుతో వచ్చింది, గుమ్మం దాటగానే నొప్పులు మొదలయ్యాయి. నేను లేవకూడదు. వెనక గదిలో ఆవిడ కేకలు, ముందు నేను పీట మీద కూర్చుని ఊరంతా దద్దరిల్లేలా మంత్రసాని కోసం కేకలు. ఎవరు ఎక్కువ అరిచారో ఇప్పటికీ తేలలేదు. అలా పుట్టింది బుడ్డి. మూడు చుట్లు నిండినా ఇంకా తప్పటడుగులే. మన చిన్నప్పుడు మూడు చుట్ల పిల్లలం కొట్టుకునేవాళ్ళం, అప్పుడు ఊళ్ళో అన్ని ఇళ్ళుండేవి, చుట్టు అంత పొడుగుండేది మరి.

ఆవిడ వేడి రొట్టె తెచ్చి బల్ల మీద పెట్టింది. నిలబడే మాట్లాడింది.

“మీరు వెళ్ళిపోతున్నారట కదా.”

“ఇంకా ఏమీ అనుకోలేదు.”

“వెళ్ళండి. వద్దని అనడానికి రాలేదు. మీ బతుకు మీది.” చేతులకంటిన పిండి దులుపుకుంది. “ఒక్కటే అడుగుతాను. పీట మీ ఇంటికి రాకముందు తాళం వెయ్యకండి. ఈ ఒక్కసారీ కూర్చుని, ఆ మర్నాడు వేసుకోండి. దానికి నాలుగు నిండుతాయి.”

“మూడైతే ఏమిటి, నాలుగైతే ఏమిటమ్మా? ఎలాగూ...” అనేశాను. నోరు జారింది.

“ఒక్క చుట్టయినా కలిసొస్తుంది కదండీ,” అంది ఆవిడ.

రొట్టె చల్లారకముందే తినమని చెప్పి వెళ్ళిపోయింది. కన్నతల్లి అన్నయ్యా, ఒక్క చుట్టు కోసం నాతో బేరమాడింది. బియ్యం దగ్గర గుప్పెడు ఎక్కువ వెయ్యమని అడిగినట్టు అడిగింది. ఆ రొట్టె నేను ముట్టలేదు, నీ పిల్లి తినిపోయింది.

అయినా నేను నీ మాట కాదనాలని అప్పటికీ అనుకోలేదు. ఇంటిపెద్దవి నువ్వు. ఇన్నాళ్ళూ నువ్వు ఒప్పుకున్నావు కాబట్టి నీ బదులు కూర్చున్నాను. నువ్వు వద్దన్నాక నేను కూర్చుంటే అది ఆట అవుతుంది గానీ రోజు అవదు. బుడ్డిని ఊళ్ళోవాళ్ళే ఎలాగో చూసుకుంటారులే అని నాకు నేను సర్దిచెప్పుకున్నాను. మూడైనా నాలుగైనా పిల్ల పెరగడం ఆగదు కదా, తింటుంది, తిరుగుతుంది, చిట్టి బతకలేదా అనుకున్నాను.

ఆ చిట్టే నా మనసు మార్చేసింది.

ఒక సాయంత్రం తన సూదుల డబ్బాకి తాళంచెవి పోయిందని వచ్చింది. నేను ఇంకో చెవి చేస్తుంటే బుడ్డి పాక్కుంటూ నడుస్తూ కొట్టులోకొచ్చింది. చిట్టి దాన్ని ఎత్తి ఒళ్ళో కూర్చోబెట్టుకుంది, జుట్టుకి తన రిబ్బను కట్టింది. తర్వాత దాని గడ్డం పట్టుకుని, “నువ్వు మూడు. నేను తొమ్మిది. అంటే ఎవరు పెద్ద? నేనే పెద్ద. నా మాట వినాలి, ఎప్పటికీ వినాలి, తెలిసిందా?” అంది. బెదిరించడం కాదు, ముద్దుగా అంది. మొహం వెలిగిపోతోంది. నేను ఆకురాయి కింద పెట్టేశాను. ఇన్నేళ్ళుగా ఈ ఊళ్ళో పిల్లలందరూ ఒక్కొక్కరే ఆవిణ్ణి దాటుకుని పోయారు. ఇన్నాళ్ళకి తనని దాటిపోని పిల్ల ఒకటి దొరుకుతోందని ఆవిడ సంతోషం. ఆవిడ తప్పేమీ లేదు, అంత ఒంటరిగా ఉందన్నమాట. నాకు మాత్రం తల నెరిసినా మూడు దాటని బుడ్డి కళ్ళకి కట్టింది.

“చిట్టీ, నీకు పెద్దదానివి కావాలని ఉండేదా?” అని అడిగాను.

“మొదట్లో ఉండేది అక్కా. సభలో మాట్లాడతానని లేచేదాన్ని. కూర్చోమ్మా, పెద్దవాళ్ళు మాట్లాడుతున్నారు అనేవాళ్ళు,” అంది. “తర్వాత లేవడం మానేశాను. కూర్చోవడం అలవాటైపోతుంది. నీకే రాదు ఆ విద్య.” అని నవ్వి, తాళంచెవి పట్టుకుని వెళ్ళిపోయింది.

ఆ తర్వాత నీ ఉత్తరం మళ్ళీ తీశాను. ఈసారి కూర్చునే చదివాను. చివర్లో ఒక మాట రాశావు, గుర్తుందా? ‘ఇక్కడికొచ్చి రెండు చుట్లు నిండాయి, నాకిప్పుడు ఇరవై ఆరు’ అని. మొదట్లో దాని మీదుగా కళ్ళు ఊరికే జారిపోయాయి. ఇప్పుడు అక్కడే ఆగాను. నువ్వు వెళ్ళేనాటికి నీకు ఇరవై నాలుగు, నాకు ఇరవై ఒకటి. నీకు అక్కడ రెండు తిరిగేలోగా నాకు ఇక్కడ ఆరు తిరిగాయి. నాకు ఇరవై ఏడు.

ఇక దాచను. ఇంతసేపూ నా కాలు తిమ్మిరెక్కిందని మొత్తుకుంటున్నది పీట మీద కూర్చుని. ఇవాళ పొద్దున్న నీ మాట కొట్టేశాను.

పీటపెద్దగారు తెల్లవారగానే వచ్చారు. చేతిలో నేను చేసిన తాళం ఉంది, వెనక ఇద్దరు పీట మోసుకొస్తున్నారు, మన గుమ్మం దాటించి అవతలి ఇంటికి తీసుకుపోవడానికి. రొట్టెల కొట్టావిడ పిల్లని చంకనేసుకుని ఎదురుగా నిలబడింది. పడవవాడూ వాళ్ళ తమ్ముడూ కూడా ఉన్నారు. ఇల్లు మూతపడుతోందంటే నలుగురూ చేరతారు కదా.

“బయటికి రా అమ్మాయ్, తలుపు దగ్గరికేస్తే తాళం పెట్టేస్తాను,” అన్నారు.

“ఎవరు పెట్టమన్నారండీ?”

“అదేం ప్రశ్న? ఇంటిపెద్ద. మీ అన్నయ్య రాసిన ఉత్తరం నా దగ్గరుంది.”

“ఇంటిపెద్దని నేనండీ.”

ఎవరో కిసుక్కుమన్నారు. ఆయన మాత్రం నవ్వలేదు. “నువ్వు చెల్లెలివి కదమ్మా,” అన్నారు.

“వాడు వెళ్ళిననాడు చెల్లెల్ని. ఇప్పుడు లెక్కపెట్టండి.”

వాడు అన్నాను. పుట్టి బుద్ధెరిగాక నిన్ను వాడు అనడం ఇదే మొదటిసారి. నాలుక చివర మంట పుట్టినట్టయింది. ఆయన వేళ్ళ కణుపులు లెక్కపెట్టారు. మళ్ళీ మొదటికొచ్చి లెక్కపెట్టారు. “అలాంటి లెక్కలు మరీ ఇంత పట్టింపుగా...” అని నసిగారు.

అప్పుడు అందుకున్నాడు పడవవాడు. “అదేంటండీ! ఏ ఊళ్ళో పడుకుంటే ఆ ఊరి లెక్కని తమరు చెప్పలేదూ? ఈ వెధవని అన్నయ్యా అనలేక నేను చస్తున్నాను. నాకో న్యాయం, వాళ్ళకో న్యాయమా?”

“ఎవర్రా వెధవ?” అన్నాడు తమ్ముడు.

“తప్పయిపోయింది అన్నయ్యా,” అన్నాడు పడవవాడు. వీధంతా గొల్లుమంది. మూతపడ్డ ఇళ్ళ తలుపులకి కూడా ఆ నవ్వు వినబడే ఉంటుంది.

పీటపెద్దగారు చివరిసారిగా, “మీ అన్నయ్య దీనికి ఒప్పుకుంటాడా?” అన్నారు.

“అక్క చెప్పాక తమ్ముడు ఒప్పుకోవడమేమిటండీ?” అన్నాను.

ఆయన తాళం నా చేతిలో పెట్టి, పీట దింపించారు. కూర్చున్నాను. దానికి ఒక కాలు పొట్టి, గుర్తుందా? నాన్న కూర్చున్నప్పుడల్లా నువ్వు పరిగెత్తుకెళ్ళి కింద చెక్కముక్క పెట్టేవాడివి. ఇవాళ ఆ చెక్కముక్క బుడ్డి పెట్టింది, వాళ్ళమ్మ పెట్టించింది. ఇవాళ తాళాలవాళ్ళ ఇంటి రోజని అరిచి చెప్పాను. గొంతు మధ్యలో బొంగురుపోయింది, అయినా వీధి చివరిదాకా వినబడిందట. బుడ్డికి నాలుగు నిండాయి. ఈ కాగితం మూల మరక దాని రొట్టెదే. చిట్టి తన వాకిట్లోంచి చూసింది, దగ్గరికి రాలేదు. మధ్యాహ్నం మాత్రం వచ్చి నాకు మంచినీళ్ళిచ్చి, “దీనికి నేనింకో ఐదు చుట్లే పెద్దనన్నమాట,” అని బుడ్డి తల నిమిరి వెళ్ళింది. ఆవిడ విషయంలో నేను చేసిందేమీ లేదు. అది నన్ను గుచ్చుతూనే ఉంది.

నీకు బాధగా ఉంటుందని తెలుసు. అందరి ముందూ నీ మాట తీసేశాను. నువ్వు మేస్త్రీతో మాట్లాడి, గది చూసి, నాకోసం అంత చేశాక ఇలా చెయ్యడం నాకూ సులువుగా లేదు. ఉత్తరం రాయడం మానేస్తావేమోనని భయంగా ఉంది. కానీ నేనిక్కడే ఉండిపోతానని అనుకుంటున్నావేమో, అది మాత్రం కాదు. కూర్చోవడం అలవాటు చేసుకునే ఉద్దేశం నాకు లేదు.

కాబట్టి పెద్దదాన్ని కనక చెప్తున్నాను, విను. వచ్చే చుట్టు పీట మన వీధిలోకి రాకముందు నువ్వు బయల్దేరి ఇక్కడికి రా. ఇంట్లో ఉండు, కొట్టు చూసుకో, పీట వస్తే కూర్చో. నేనక్కడికి వెళ్తాను. ఆ కిటికీ ఉన్న గది ఎవరికీ ఇవ్వనివ్వకు. నీ పక్క బల్ల మీద దుమ్ము తుడిచి ఉంచు. మీ మేస్త్రీకి తీయలేని తాళాలు ఇంకా చాలా చూపిస్తాను. అక్కడ నాకు ఒక చుట్టు తిరిగేసరికి ఇక్కడ నీకు మూడు తిరుగుతాయి. నువ్వు మళ్ళీ అన్నయ్యవైపోతావు. అప్పుడు నన్ను ఎంత తిట్టాలనుంటే అంత తిట్టు, తలొంచుకుని పడతాను. అందాకా ఆపుకో. ఆ తర్వాత మళ్ళీ ఎవరు వెళ్ళాలో, ఎవరు ఉండాలో అప్పుడు చూసుకుందాం. ఒకళ్ళ తర్వాత ఒకళ్ళం కూర్చుంటే ఇద్దరం కాళ్ళు చాపుకోవచ్చు.

ఆ తాళం వృథా పోలేదు. రేకుపెట్టెని పీట దగ్గరికే తెప్పించుకుని దానికి వేశాను. నా మంచి బట్టలన్నీ అందులోనే ఉన్నాయి, రేపటినుంచీ ఈ రెండు జతలతోనే గడపాలి. చెవి ఈ ఉత్తరంలో పెట్టి నీకు పంపుతున్నాను, పడవవాడికి చెప్పి జాగ్రత్తగా అందించమన్నాను. తాళాలు చేసేదానికి చెవి లేకుండా తీయడం ఎంతసేపు అని నవ్వకు. తీయను. నువ్వొచ్చి తీస్తే కట్టుకుని బయల్దేరతాను.

పొద్దు వాలిపోతోంది. పక్కింటివాళ్ళు అప్పుడే గుమ్మం కడుగుతున్నారు, రేపు పీట వాళ్ళకి. నేను లేవడానికి ఇంక ఎక్కువసేపు లేదు. మొదట్లో అలవాటుకొద్దీ అన్నయ్యకి అని రాశాను, కొట్టేయడానికి మనసు రాలేదు, అలాగే ఉండనీ. రోజు పేరు చివర్లో రాస్తానన్నాను కదా, రాస్తున్నాను.

గుండీల వీధి,
మన ఇంటి రోజు.

ఇట్లు,
ప్రస్తుతానికి
నీ అక్క.